పైడి జైరాజు నటజీవితము : ఒక పరిశీలనము

తెలుగువారిలో దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారమును మొదట పొందినవారు బి. ఎన్. రెడ్డి. అది 1974వ సంవత్సరపు పురస్కారము. పిమ్మట 1982లో ఎల్. వి. ప్రసాదు, 1986లో బి. నాగిరెడ్డి, 1990లో అక్కినేని నాగేశ్వరరావు, 2009లో డి. రామానాయుడు, 2016లో కె. విశ్వనాథ్ ఆ గౌరవమునకు పాత్రులైరి. ఈ వరుసను మన విద్యార్థులు చాలవరకు తప్పులేకుండ అప్పగింపగలరు. కాని యిందు ఒక పేరు జారిపోయినది. 1980వ సంవత్సరపు పురస్కారము కరీంనగరమున జన్మించిన పైడి జైరాజునకు లభించినది. కాలక్రమమున ఆయన రెండవవాడు. బి. ఎన్. రెడ్డి దర్శకుడు గనుక, నటుడుగా పేరొంది ఆ పురస్కారము నందిన తెలుగువారిలో జైరాజే మొదటివాడు. ఇట్టి వాని పేరు వరుసనుండి జారిపోవుట కేవలము మరపు కాదని, దాని వెనుక ఒక సిద్ధాంతదోషము కలదని మేము తలచుచున్నాము. ఈ వ్యాసమున ఆ దోషమును చూపుటయు, ఆ నటుని పనిని ఉన్నదున్నట్లు వెలకట్టుటయు మా యుద్దేశము.

మేడ్చలు, శామీర్‌పేట ప్రాంతముల విద్యార్థులకు పాఠము చెప్పువారమగుటచే మాకీ విషయము మరింత కొట్టవచ్చినట్లు కనబడినది. శామీర్‌పేట చెరువుగట్టున చిత్రీకరణములు జరుగుట ఈ ప్రాంతమువారికి క్రొత్త కాదు. ఏ చిత్రమున ఆ గట్టు కనబడినదో, ఏ పాట నచ్చట తీసిరో పిల్లలు తడుముకొనకుండ చెప్పుదురు. కాని ఆ చెరువు ప్రక్కగా పోవు బాటయే సిద్దిపేట మీదుగా కరీంనగరము చేరుననియు, నూరేండ్లకు ముందు ఆ కరీంనగరపు బిడ్డ యొకడు మాటలేని తెరపై నాయకుడై నిలిచెననియు చెప్పినచో వారాశ్చర్యపడుదురు. "ఆయన తెలుగు సినిమాలు ఏవి, సార్?" అని వెంటనే అడుగుదురు. ప్రశ్న న్యాయమైనదే. ఆయన పేరు నిలిపిన చిత్రములలో తెలుగుచిత్ర మొక్కటియు లేదు. ఈ సమాధానము వినగానే విద్యార్థి ముఖమున ఆసక్తి తగ్గును. విద్యార్థి మాట యటుంచుడు, చరిత్రకారునకును అచ్చటనే ఆసక్తి తగ్గినది. తెలుగు చిత్రమున నటించినవాడే తెలుగు నటుడను నిర్వచనమును మనము పరీక్షింపకయే అంగీకరించితిమి.

జైరాజు 1909 సెప్టెంబరు 28న కరీంనగరమున జన్మించెను. హైదరాబాదు నిజాం కళాశాలలో చదివెను. అచ్చటనే నాటకములందు అభిరుచి కలిగెను. 1929లో బొంబాయి చేరి, ఆ సంవత్సరముననే 'జగ్‌మగ్‌తీ జవానీ' అను మూకీ చిత్రమున తొలిసారి తెరపై కనబడెను. అప్పటికి ఆయన వయస్సు ఇరువది. 1990వ దశకము వరకు, అనగా అరువదియేండ్లకు పైబడి, ఆయన తెరను విడువలేదు. నటించిన చిత్రములు నూటికి మించును. 2000 ఆగస్టు 11న బొంబాయిలో మరణించెను. జీవితచరిత్రను వ్రాయుట మా పని కాదు గనుక ఇంతటితో విడిచి, ఈ వివరములలో విమర్శకుడు నిలిచి చూడవలసిన చోటునకు వత్తుము.

ఆ చోటు 1929. కరీంనగరపు తెలుగు యువకుడు నటుడు కాదలచి బొంబాయికేల పోయెను? మద్రాసునకేల పోలేదు? మద్రాసున రఘుపతి వెంకయ్య, ఆయన కుమారుడు ప్రకాశ్ చిత్రపరిశ్రమకు పునాదులు వేసి అప్పటికి చాల యేండ్లయినది; 'భీష్మప్రతిజ్ఞ' 1921లోనే వచ్చినది. దారి లేదనుటకు వీలులేదు. సికింద్రాబాదునుండి మేడ్చలు మీదుగా మన్మాడునకును, అచ్చటినుండి బొంబాయికిని రైలు ఉన్నట్లే, హైదరాబాదునుండి వరంగల్లు మీదుగా బెజవాడకును, అచ్చటినుండి మద్రాసునకును 1899 నాటికే రైలు కలదు. కాబట్టి దూరమో, ప్రయాణక్లేశమో కారణమని చెప్పుట చెల్లదు. కారణము నాటి హైదరాబాదు రాజ్యపు భాషాస్థితియందు వెదుకదగినది.

ఆ స్థితిని జ్ఞప్తికి తెచ్చుకొందము. రాజ్యమున అధికారభాష ఉర్దూ. ఉస్మానియా విశ్వవిద్యాలయమున బోధనభాష ఉర్దూ. జైరాజు చదివిన నిజాం కళాశాల మాత్రము మద్రాసు విశ్వవిద్యాలయమునకు అనుబంధమై ఇంగ్లీషున బోధించుచుండెను. ఇంటిలో తెలుగు, వీథిలో ఉర్దూ, తరగతిలో ఇంగ్లీషు—ఇది నాటి హైదరాబాదు తెలుగు విద్యార్థి బ్రదుకు. 1921 నవంబరులో హైదరాబాదున జరిగిన నిజాం రాష్ట్ర సంఘసంస్కార సభలో ఆలంపల్లి వెంకటరామారావు తెలుగున ప్రసంగింప లేచినప్పుడు సభలోనివారు కొందరు గేలిచేసి అడ్డుపడిన ఉదంతము మనకు తెలిసినదే. ఆ యవమానమునుండియే ఆంధ్రజనసంఘము పుట్టినది. అప్పుడు జైరాజునకు పండ్రెండేండ్లు. రాజధానిలో తన తల్లిభాష నిండుసభలో నోరెత్తుటకు నోచుకొననట్టి కాలమున పెరిగిన యువకునకు, నటనయన్నచో ఏ భాషలో నటన యని తోచును? తెలుగున పద్యనాటకము కృష్ణా, గుంటూరు, గోదావరి మండలములలో వెలుగుచుండెను గాని, ఆ వెలుగు హైదరాబాదు కళాశాలల రంగస్థలముపై పడుట అరుదు. అచ్చటి రంగస్థలము వేరు, దాని భాష వేరు.

ఇక హైదరాబాదుననే చిత్రపరిశ్రమ యుండినచో ఆయన బొంబాయికి పోనవసరము లేకపోయెడిదేమో. ఉండినది కూడ. వంగదేశీయుడైన ధీరేంద్రనాథ గంగూలీ 1922లో హైదరాబాదున లోటస్ ఫిల్మ్ కంపెనీని స్థాపించి మూకీ చిత్రములను తీసెను. 1924లో 'రజియా బేగమ్' అను చిత్రమును తన ప్రదర్శనశాలలో చూపినందుకు నిజాం ప్రభుత్వము ఆగ్రహింపగా ఆయన నగరమును విడిచిపోవలసి వచ్చెను. దానితో ఆ ప్రయత్నము అంతరించినది. లోటస్ కంపెనీ మరి యైదారేండ్లు నిలిచియుండినచో నిజాం కళాశాలనుండి వెడలిన ఇరువదియేండ్ల నటుడు ఎచ్చట కుదురుకొని యుండెడివాడో ఊహించుట కష్టము కాదు. మరి యొక విచిత్రము: ఆ రజియా కథయే 1961లో 'రజియా సుల్తానా'గా బొంబాయిలో మరల చిత్రమైనప్పుడు నిరుపారాయ్ సరసన నటించినవాడు జైరాజే. ఏ కథ హైదరాబాదున చిత్రపరిశ్రమను మొలకలోనే త్రుంచినదో, ఆ కథ హైదరాబాదువాడైన నటునకు ముప్పదియేడేండ్ల తరువాత పరదేశమున పాత్ర నిచ్చినది.

జైరాజు తెర కెక్కినది మూకీ యుగపు చివరి దినములలో. ఈ విషయమున చరిత్రకారులు చాలినంత శ్రద్ధ చూపలేదు. మూకీ చిత్రమునకు భాష లేదు. కాగితముపై అచ్చైన మాటలు మాత్రము ఏ ప్రాంతమునకు కావలసిన భాషలో ఆ ప్రాంతమున చూపవచ్చును. నటుని దేహము, నడక, కనుచూపు—ఇవియే ధనము. పంజాబువాడు, వంగదేశీయుడు, యూదుస్త్రీ, తెలుగువాడు అందరును ఒకే తెరపై సమానులు. దృఢమైన దేహము, చక్కని ముఖము గల యువకునకు అచ్చట అడ్డేమియు లేదు. కాని రెండేండ్లు తిరుగకముందే, 1931 మార్చి 14న 'ఆలం ఆరా' విడుదలయ్యెను. తెర మాటలాడ నారంభించెను. ఆ దినమున దేశమందలి నటులందరును భాషలవారీగా విడిపోయిరి. నోరు తిరుగనివారు ఇంటికి పోయిరి. జైరాజు నిలిచెను. 1932లో వచ్చిన 'షికారీ'తో ఆయన టాకీలోనికి ప్రవేశించెను.

అదే కాలమున, అదే బొంబాయిలో, మరియొక తెలుగువాడుండెను. ఏలూరు ప్రాంతమునుండి వచ్చిన ఎల్. వి. ప్రసాదు 'ఆలం ఆరా'లో చిన్నవేషము వేసెను, హెచ్. ఎం. రెడ్డి బొంబాయిలోనే తీసిన తొలి తెలుగు టాకీ 'భక్తప్రహ్లాద'లోను నటించెను. జైరాజు, ప్రసాదు—ఇరువురును ఇంచుమించు ఒకే ఈడువారు. ఇరువురును ఒకే నగరమున ఒకే కాలమున బ్రదుకుతెరువు వెదకుకొన్నవారు. ఒకడు కొంతకాలమునకు మద్రాసునకు మరలి తెలుగుచిత్రమునకు పెద్దదిక్కయ్యెను. తరువాత హిందీ చిత్రములను తీసినను తెలుగువారు ఆయనను మరువలేదు. రెండవవాడు బొంబాయిలోనే యుండిపోయెను. ఆయనను తెలుగువారు ఎరుగనే ఎరుగరు. ఈ భేదమునకు వ్యక్తుల స్వభావము కారణమని చెప్పి ఊరకుండవచ్చును. మాకట్లు తోచదు. ప్రసాదునకు వెనుక ఒక తెలుగు నాటకప్రపంచము, ఒక తెలుగు ప్రేక్షకలోకము కలవు. వాని పిలుపు వినబడినంతనే మరలుటకు దారి తెలిసియున్నది. జైరాజునకు వెనుకనున్నది హైదరాబాదు. ఆ నగర మాయనకు ఉర్దూ నిచ్చినది. బొంబాయి టాకీకి కావలసిన సరకు అదియే. ఆ సరకు చేతనుండగా మరలవలసిన యవసరము ఆయనకు కలుగలేదు. తెలుగు నోట రాకపోవుటచే ఆయన తెలుగుచిత్రమునకు దూరమయ్యెనని కొందరందురు. ఉర్దూ నోట వచ్చుటచే దూరమయ్యెననుట సత్యమునకు దగ్గర యని మా మతము.

ఇచ్చట కాంతారావును కూడ తలచుకొనుట యుచితము. ఆయనయు తెలంగాణమువాడే, కోదాడ ప్రాంతీయుడు. జానపద చిత్రములలో కత్తివీరుడుగా తెలుగుదేశమంతటను పేరొందెను. 'లవకుశ' (1963)లో లక్ష్మణుడాయనయే. మరి ఆయన మద్రాసునకు పోయి తెలుగు నటుడెట్లయ్యెను? కోదాడ బెజవాడకు పొరుగు. నాటకసమాజముల రాకపోకలు గల త్రోవ. కరీంనగరమట్లు కాదు. అచ్చటినుండి బయలుదేరినవాడు శామీర్‌పేట, అల్వాలు దాటి సికింద్రాబాదు దండులోనికి ప్రవేశించును; అచ్చట వినబడునది దక్కనీ ఉర్దూ, దండు ఇంగ్లీషు. ఒకే రాజ్యమున రెండంచులనుండి వచ్చిన ఇరువురు నటులలో ఒకడు తెలుగుతెరకును, మరియొకడు హిందీతెరకును చేరుటలో ఈ భూగోళము పాలు తక్కువది కాదు.

ఇంతవరకు నటుని పుట్టుపూర్వోత్తరముల మాట. ఇక నటన. జైరాజు టాకీ జీవితమున మొదటి ఘనతను బాంబే టాకీస్ సంస్థలో చూడవలెను. జర్మనుదేశీయుడైన ఫ్రాంజ్ ఒస్టెన్ దర్శకత్వమున వచ్చిన 'భాభీ' (1938)లో రేణుకాదేవితో, కర్దార్ దర్శకత్వమున వచ్చిన 'స్వామి' (1941)లో సితారాదేవితో, 'హమారీ బాత్' (1943)లో దేవికారాణితో ఆయన నాయకుడుగా నటించెను. 'హమారీ బాత్' దేవికారాణి నటించిన చివరి చిత్రము. ఆనాటి భారతీయ చిత్రరంగమున ఆమెకుగల స్థానము నెరిగినవారికి, ఆమె ప్రక్కన నాయకుడుగా నిలుచుట యెంత మాటయో వేరుగ చెప్పనక్కరలేదు. నేడు తెలుగువాడొకడు హిందీ చిత్రమున పేరు తెచ్చుకొన్నచో పత్రికలు పుటలకు పుటలు నింపుచున్నవి. 1943లో ఆ పని జరిగిపోయినదని ఆ పత్రికలకు తెలియదు.

బాంబే టాకీస్ నటనాపద్ధతి సంయమనముతో కూడినది. గొంతెత్తి పలుకుట, చేతులు చాచుట మొదలగు పార్సీరంగపు లక్షణములను ఆ సంస్థ తగ్గింప యత్నించెను. అశోక్ కుమార్ ఆ పద్ధతికి మేలిమి ఫలము. జైరాజు దానిని నేర్చెను గాని దానిలో పూర్తిగా కరగిపోలేదు. మూకీలో అలవడిన నిలుకడ, భుజములను విప్పి నిలుచుట, మాటకు ముందుగా చూపును నిలుపుట, ఆయనను తుదివరకు విడువలేదు. దీనిని దోషమని యెంచువారు కలరు. సామాన్యగృహస్థు పాత్రలలో ఇది కొంత బిగువుగా కనబడుననుట నిజము. మోతీలాల్ వలె ఇంటిలో తిరుగుచున్నట్లు తెరపై తిరుగుట ఆయనకు చేతకాలేదు. కాని ఆ బిగువే తరువాతి దశాబ్దములలో ఆయనకు మరియొక రాజ్యము నిచ్చెను.

దానికి ముందు ఆయన దర్శకత్వమును కూడ గమనింపవలెను. 1945లో బాంబే టాకీస్ కొరకు ఆయన 'ప్రతిమ' అను చిత్రమునకు దర్శకత్వము వహించెను. అందు నాయకుడు దిలీప్ కుమార్. 'జ్వార్ భాటా' తరువాత దిలీప్ కుమార్ నటించిన రెండవ చిత్రమది. తరువాత ఇరువదియేండ్లు హిందీతెరను ఏలిన నటుని శైశవమున ఆయనను నడిపించిన దర్శకులలో ఒకడు కరీంనగరపు తెలుగువాడు. ఆ తరువాత నర్గీసు నాయికగా 'సాగర్' (1951)ను నిర్మించెను. 'మొహర్' (1959)ను కూడ డైరెక్టు చేసెను. ఈ యత్నములు ఆయనకు దర్శకుడుగా స్థిరమైన స్థానము తేలేదు. నటుడే నిలిచెను.

నిలిచిన నటుడు ఎట్టివాడనగా, రాజు. 1950, 60 దశకముల హిందీ చారిత్రక చిత్రములలో జైరాజునకు సాటి కొందరే. 'అమర్‌సింగ్ రాథోడ్', 'పృథ్వీరాజ్ చౌహాన్' (1959), 'వీర దుర్గాదాస్' (1960)—వరుసగా రాజపుత్రవీరుల కథలు. 'చంద్రశేఖర్ ఆజాద్' (1963)తో ఆధునిక వీరుని వేషమును ధరించెను. వీనికి తోడు హోమీ వాడియా తీసిన రంగులచిత్రము 'హాతింతాయ్' (1956). అరబ్బుల కథలలో దాతయు, సత్యవ్రతుడును అయిన హాతిం ఏడు ప్రశ్నలకు సమాధానము వెదకుచు సాగించు యాత్ర అందలి వస్తువు. మేము జైరాజు చిత్రములలో దీనికే ఎక్కువ విలువ నిత్తుము. చారిత్రకములలో ఆయన పలుకవలసిన సంభాషణములు ఉద్రేకపూరితములు, పౌరుషోక్తులు. అవి నటుని లోతును కప్పివేయును. హాతిం పాత్రలో పౌరుషము కన్న ఓర్పునకు చోటెక్కువ. వినుట, ఎదురుచూచుట, ఆశ్చర్యపడియు తొణకకుండుట—ఇవియే ఆ పాత్రకు కావలసినవి. మూకీయుగపు నటుడు ఇచ్చట తన సొంత నేలపై నిలిచినట్లు కనబడును. చుట్టును మాయలు, రాక్షసులు, రంగురంగుల అమరికలు. నడుమ ఒక నిబ్బరమైన మనిషి. ప్రేక్షకుడు ఆ మాయలను నమ్ముటకు ఆ నిబ్బరమే ఆధారము. ఈ చిత్రమును పిల్లల కథయని తేలికగా త్రోసిపుచ్చు విమర్శకులు ఆ పనిలోని కష్టమును గుర్తింపలేదు.

ఇదే కాలమున తెలుగుతెరపై ఏమి జరుగుచుండెను? 'మాయాబజార్' 1957లో వచ్చినది. రామారావు కృష్ణుడుగా, రాముడుగా, రావణుడుగా తెలుగువారి మనస్సులలో రాజరూపమును స్థిరపరచుచుండెను. ఈ రెండు రాజరూపములను ప్రక్కప్రక్కన నుంచి చూచుట పరిశోధకునకు మేలుచేయును. తెలుగు రాజు పద్యనాటకమునుండి పుట్టినవాడు; పద్యము లేని చోటను ఆయన మాటలో పద్యపు ఊపిరి వినబడును. ఆగి, విరిచి, పాదాంతమున నిలిపి పలుకును. హిందీ చారిత్రకపు రాజు పార్సీ నాటకమునుండి పుట్టినవాడు. ఆయనకు కావలసినది ఉర్దూ సంభాషణపు తూకము, అంత్యప్రాసల మోత. జైరాజు ఈ రెండవ సంప్రదాయమును పరాయివాడుగా నేర్చి స్వాధీనము చేసికొన్నవాడు. ఆ రాజులలో పెక్కుమంది రాజపుత్రులు, తురుష్కులు. కాకతీయుడు గాని, రాయలు గాని ఒక్కడును లేడు. ఇరుగుపొరుగు రాజుల కిరీటములన్నియు ధరించిన ఈ నటునకు తన నేలనేలిన రాజు కిరీటమును ధరించు పాలు కలుగలేదు. ఇది నిట్టూర్చుటకు చెప్పుమాట కాదు. నటునకు పాత్రల నిచ్చునది పరిశ్రమ. పరిశ్రమకు కథల నిచ్చునది ఆ భాషవారి చరిత్రస్మృతి. హిందీ పరిశ్రమ స్మృతిలో ఓరుగల్లు లేదు.

భాష మాట వచ్చినది గనుక మరియొక సంగతి. హైదరాబాదు ఉర్దూ దక్కనీ. మేడ్చలు సంతలో గాని, శామీర్‌పేట బస్సులో గాని నేటికిని అది వినబడును. తెలుగు మాటలు, తెలుగు కాకువు దానిలో కలిసియుండును. బొంబాయి చిత్రములు మాత్రము చిరకాలము దానిని నవ్వు పుట్టించుటకే వాడుకొన్నవి. 'గుమ్‌నామ్' (1965)లో మెహమూద్ ధరించిన వంటవాని పాత్ర అందుకు ప్రసిద్ధమైన యుదాహరణము. నాయకుడు ఉత్తరదేశపు స్వచ్ఛమైన ఉర్దూ పలుకవలెను. సేవకుడు, విదూషకుడు దక్కనీ పలుకవచ్చును. జైరాజు నాయకుడగుటచే ఆ పలుకుబడిని తెరమీదికి రానీయరాదు. తల్లిభాషను మాత్రమే కాక, తన నగరపు ఉర్దూను కూడ ఆయన గుమ్మము వెలుపల విడిచి లోనికి పోవలసివచ్చె నన్నమాట. దక్కనీకి హిందీతెరపై గంభీరమైన స్థానము లభించినది 1974లో, 'అంకుర్' చిత్రముతో. దాని దర్శకుడు శ్యాం బెనెగల్ తిరుమలగిరిలో పుట్టి పెరిగినవాడు; ఆ తిరుమలగిరి శామీర్‌పేటకు పోవు త్రోవలోనిదే. అప్పటికి జైరాజు అరువదియైదవ ఏట నుండెను. నాయకపాత్రల కాలము గడచిపోయినది. తన పలుకు తెరకెక్కిన దినమున తా నందులేకపోవుట ఆయన నటజీవితమందలి నిజమైన నష్టమని మేము భావింతుము. తెలుగుచిత్రమున నటింపకపోవుట కన్న ఇది పెద్దది.

ఆయన ఉత్తరజీవితమును గూర్చి రెండు మాటలు చాలును. ఇంగ్లీషు చిత్రములలో రెండు ముఖ్యములు: మార్క్ రాబ్సన్ తీసిన 'నైన్ అవర్స్ టు రామ' (1963), 'మాయా' (1966). మొదటిదానిలో గాంధీజీ హత్యకు ముందటి గంటల కథ. అందు జైరాజు ఘనశ్యామదాస్ బిర్లా పాత్రను ధరించెను. ఆ చిత్రము భారతదేశమున నిషిద్ధమైనది గనుక, ఇతరదేశములవారు చూచిన ఆయన నటనను స్వదేశీయులు చూడలేకపోయిరి. పిమ్మట వచ్చినవి చిన్నపాత్రలు: న్యాయమూర్తి, తండ్రి, వైద్యుడు, అధికారి. 'షోలే' (1975)లో పోలీసు ఉన్నతాధికారిగా కొలది క్షణములు కనబడును. దేశమంతయు కోట్లమంది పలుమారులు చూచిన చిత్రమది. ఆ క్షణములలో తాము చూచుచున్నది కరీంనగరపు మనిషినని తెలిసిన తెలుగు ప్రేక్షకు లెందరు? తెరపై ఆయన పేరు 'జైరాజ్' అని, లేదా 'పి. జైరాజ్' అని పడును. తెలుగుదనమును పట్టించు ఇంటిపేరు ఒక్క అక్షరమున ఒదిగిపోయినది.

ఆయనను అతిగా పొగడుట కూడ మాకు సమ్మతము కాదు. తెలంగాణ రాష్ట్రావతరణమునకు (2014) పిమ్మట ఆయన పేరు మరల వినవచ్చుచున్నది. హైదరాబాదు రవీంద్రభారతిలోని ప్రదర్శనశాలకు పైడి జైరాజు పేరిడిరి. సంతోషమే. కాని ఇట్టి సందర్భములలో కొందరు వక్తలు ఆయనను దేశమందలి మహానటులలో అగ్రగణ్యునిగా వర్ణించుచున్నారు. అది ఆయనకు మేలు చేయదు. బలరాజ్ సాహ్నీవలె పాత్రలోని కష్టజీవియై మారిపోవు శక్తి ఆయనకు లేదు. దిలీప్ కుమార్ మౌనమందలి వేదన ఆయనకు లేదు. చారిత్రకములలో పెక్కింట ఒకే భంగిమను మరల మరల చూపెను. నిర్మాతలు కోరినది అదియే, ఆయన ఇచ్చినది అదియే. ఆయనయందు మెచ్చదగినది వేరు: మూకీ, టాకీ, రంగులచిత్రము, విశాలమైన తెర—ఇన్ని మార్పులను ఒకే నటుడు దాటి, ప్రతి మార్పునందును పని దొరకునట్టి క్రమశిక్షణ కలిగియుండుట. నాయకుడుగా నుండినవాడు ఒక్క దృశ్యపు పాత్రకు దిగినప్పుడు దానిని చిన్నతనముగా తలచినట్లు తెరపై ఎచ్చటను కనబడడు. ఈ గుణమును వెలకట్టుటకు మన విమర్శలో కొలబద్ద లేదు. మనము శిఖరములనే కొలుచుచున్నాము.

మొదట ఎత్తిన నిర్వచనప్రశ్నకు వత్తుము. 1934లో సురవరము ప్రతాపరెడ్డి 'గోలకొండ కవుల సంచిక'ను ప్రకటించినది ఎందుకో తెలుగు శాఖలలోని వారికి చెప్పనక్కరలేదు. నిజాం రాజ్యమున తెలుగు కవులు లేరను మాటకు ఆయన 354 మంది కవులను చూపి సమాధానమిచ్చెను. నటుల విషయమున అట్టి సంచిక వెలువడవలసిన యవసరము కలదు. కాని పద్ధతి అదియే కారాదు. ప్రతాపరెడ్డి వెదకినది తెలుగున వ్రాసినవారిని. కవికి భాషయే దేహము గనుక ఆ కొలత సరియైనదే. నటునకు దేహమే భాష. వాడు పలికిన భాషను బట్టియే వానిని ఒక సాహిత్యచరిత్రలో చేర్చుటయో త్రోసివేయుటయో చేసినచో, హైదరాబాదు రాజ్యమువంటి బహుభాషాప్రదేశమున పుట్టినవారెవ్వరును ఏ చరిత్రకును చెందకుండ పోవుదురు. హిందీచిత్ర చరిత్రకారునకు జైరాజు పెక్కుమందిలో ఒకడు. ఆయన ఊరు ఆ చరిత్రకారునకు అనవసరము. తెలుగుచిత్ర చరిత్రకారునకు ఆయన చిత్రములు అనవసరము. ఇట్లు ఇరువురి నడుమ మనిషి మాయమయ్యెను.

దీనికి ప్రతిగా ఒక యాక్షేపణ రావచ్చును. పుట్టుకను బట్టి నటులను లెక్కింపసాగినచో తెలుగువారైన ప్రతి పరభాషానటుని చేర్చవలసివచ్చునే, దానికి అంతెక్కడ యని. ఆక్షేపణ బలమైనదే. మేము పుట్టుకను ప్రమాణముగా కోరుటలేదు. ఒక నటుని తయారుచేసిన నేల, ఆ నేలయందలి భాషల పోరు, దాని రంగస్థలము, ఆ నేల వానికిచ్చినవి, ఇయ్యనివి—ఇవి వాని నటనలో కనబడునా లేదా యన్నదే ప్రమాణము. జైరాజు విషయమున అవి కనబడుచున్నవి. ఆయన ఉర్దూ హైదరాబాదు ఇచ్చినది. ఆయన బొంబాయి ప్రయాణము హైదరాబాదు ఇయ్యనిదాని ఫలము. కాబట్టి ఆయనను తెలుగుచిత్ర చరిత్రలో చేర్చుట కన్న, తెలుగువారి నటనాచరిత్ర యను వేరొక చరిత్రను ఆరంభించి అందు మొదటి ప్రకరణములలో నిలుపుట శాస్త్రీయము. ఆ చరిత్రలో ధీరేంద్రనాథ గంగూలీ లోటస్ కంపెనీకి ఒక ప్రకరణము, నిజాం కళాశాల రంగస్థలమునకు ఒక ప్రకరణము ఉండవలెను. అవి ఏ తెలుగుచిత్ర చరిత్రలోను ఇమడవు.

ఈ పని చేయువారికి ఉర్దూ లిపి రావలెను. 1930, 40 దశకముల ఉర్దూ పత్రికలలో హైదరాబాదు నటులను గూర్చిన ప్రస్తావనలను వెదకుట, నాటి చిత్రముల పాటపుస్తకములను సేకరించుట, లభించు చిత్రములను తిన్నగా కూర్చుండి చూచి సంభాషణలోని ఉచ్చారణను గుర్తించుట దీనికి మొదటి మెట్లు. తెలుగు శాఖలో పరిశోధనకు చేరు విద్యార్థులను ఉర్దూ నేర్వుడనగా నేడు వెనుకాడుదురు. మా తరగతులలోని మేడ్చలు, శామీర్‌పేట పిల్లలకు మాత్రము సగము పని ఇంటిలోనే జరిగిపోయినది. దక్కనీ మాట వారికి చెవికెక్కియున్నది. ఏ పలుకు లక్నోది, ఏ పలుకు మన వీథిది యని వారు విన్నంతనే చెప్పగలరు. నేర్పవలసినది లిపి యొక్కటే. రెండు పూటల శ్రద్ధతో ఆరు మాసములలో అది పట్టుబడును.